మొదటి గంటకే కూర్చున్న మనిషి

మొన్న ఒక ఉదయం పెనుకొండలో మా ఇంటి ముందు ఒక తెల్ల కారు ఆగింది. అది ఎంత తెల్లగా ఉందంటే మా వీధిలో ఆరేసిన బట్టలన్నీ దాన్ని చూసి తలలు దించుకున్నాయి. అందులోంచి అంతకంటే తెల్లని చొక్కా ఒకటి దిగింది. చొక్కా లోపల ముప్ఫయ్యేళ్ళ మనిషి ఒకడున్నాడని కళ్ళు సర్దుకున్నాక గానీ నాకు తెలియలేదు. చేతిలో ఒక కాగితం, మొహంలో ఓట్లడిగే నవ్వు. నేను కుర్చీ వేశాను. ఆయన దాన్ని చేతిరుమాలుతో తుడిచి మరీ కూర్చున్నాడు. అప్పుడే నాకు సగం మండింది.

"మేడమ్, దస్తగిరి సార్ కూతురు మీరే కదా? మా పార్టీ పెద్దాయన ఒక పుస్తకం ఏపిస్తాండాడు. మన పక్క పెద్ద పెద్ద నాయకులందరి గురించీ. పార్టీలు చూడకుండా. మీ నాయనగారికి ఒక పేజీ ఇచ్చినాము. ఫోటో ఒకటి కావాల."

పేజీ చూపించమన్నాను. అందులో ఇలా ఉంది: 'శాసనసభలో ముగ్గురు సభ్యుల చిన్న పార్టీకి నాయకుడు. మంత్రిగారి సమాధానంతో సంతృప్తి చెంది, గంట మోగిన వెంటనే హుందాగా కూర్చున్న ఆదర్శమూర్తి. నేటి సభ్యులు ఆయనను చూసి నేర్చుకోవాలి.'

నాకు కోపం వచ్చింది. వచ్చిందంటే మామూలుగా రాలేదు. ఆ కోపాన్ని తీసుకెళ్ళి మా కొండ మీద పెట్టుంటే రాయల కాలం నుంచి నిలబడ్డ కోటగోడ ఇంకో నాలుగు గజాలు కూలేది. ఎందుకంటే ఆ పుస్తకం వేయిస్తున్న పెద్దాయన, ఆనాడు సభలో మా నాయనకు ఆ సమాధానం చెప్పిన మంత్రి, ఇద్దరూ ఒకరే.

"ఈ సంతృప్తి అనే మాట తీసెయ్యప్పా," అన్నాను.

"యాల మేడమ్? మంచి మాటే కదా?"

"మంచి మాటే. మా నాయన్ను పదేళ్ళు వీధిలో తల ఎత్తనియ్యకుండా చేసిన మంచి మాట."

ఆయన ఫోన్ చూసుకున్నాడు. "పెద్దాయన సొంతంగా రాసింది మేడమ్ ఇది. మార్చేకి కాదు. ప్రింటుకు గూడా పోతాండాది. ఫోటో ఇస్తే సరిపోతాది."

నేను ఫోటో ఇవ్వలేదు. కాఫీ కూడా ఇవ్వలేదు. పెనుకొండలో ఇంటికొచ్చిన మనిషికి కాఫీ ఇవ్వకుండా పంపడం అంటే ఏమిటో తెలిసినవాళ్ళకు తెలుస్తుంది. కారు వెళ్ళిపోయింది. కాగితం మాత్రం నా చేతిలోనే ఉండిపోయింది. ముప్ఫయ్యైదేళ్ళుగా అందరి మీదా హాస్యం రాసి పొట్ట పోసుకున్నదాన్ని, మా నాయన సంగతి ఒక్కటీ ఎన్నడూ రాయలేదు. ఇప్పుడు రాయక తప్పదు.

మాది చిత్రమైన సంసారం. ఇల్లు పెనుకొండలో, అంగడి ధర్మవరంలో, నా ఇంటర్మీడియట్ చదువు హిందూపురంలో. ఈ మూడూళ్ళ మధ్య రైళ్ళూ బస్సులూ మా కుటుంబం కోసమే నడిచేవని చాలాకాలం నేను నమ్మాను. ధర్మవరం స్టేషన్ దారిలో నాయనకు సైకిల్ షాపు. పంక్చర్ వేసే రబ్బరు జిగురు వాసన ఆయన చొక్కాకు, తలకు, చివరికి ఆయన చెప్పే మాటలకు కూడా అంటుకుని ఉండేది. అమ్మ నేను మూడో తరగతిలో ఉన్నప్పుడే పోయింది. ఇల్లంతా పీరమ్మవ్వ రాజ్యం. మా అవ్వ సంగటి కెలికే కట్టె ఎంత బలమైనదంటే, దాంతో ఆమె రాగిముద్దలు చేసేది, కుక్కలను తరిమేది, కొడుకుకు రాజకీయం నేర్పేది. శుక్రవారం సాంబ్రాణి వేస్తే పొగ మూడు వీధుల అవతల పోలీస్ స్టేషన్‌లో పోలీసులకు తుమ్ములు తెప్పించేది.

ఒక సైకిల్ షాపు మనిషి ఎమ్మెల్యే ఎలా అయ్యాడని అడుగుతారు. చాలా సులభం. ఇరవై ఏళ్ళు ధర్మవరంలో ప్రతి మనిషి సైకిలుకూ ఆయనే గాలి కొట్టాడు. గాలి కొట్టేంతసేపు ప్రతి మనిషి తన కష్టం చెప్పుకున్నాడు. విన్నవాటిలో సగం ఆయన తాసిల్దారు దగ్గరకో కరెంటు ఆఫీసుకో పోయి తీర్చాడు. ఒక చిన్న పార్టీ వాళ్ళు వచ్చి నిలబడమన్నారు. ఎదుటి అభ్యర్థులిద్దరూ ఒకరినొకరు తిట్టుకుంటూ ఉండగా మధ్యలోంచి నాయన గెలిచిపోయాడు. గెలిచినట్టు చెప్పడానికి మనుషులొస్తే ఆయన ఒక ముసలాయన సైకిలుకు చైను ఎక్కిస్తున్నాడు. ఎక్కించాకే లేచాడు.

రాష్ట్రం మొత్తం మీద ఆ పార్టీకి గెలిచింది ముగ్గురు. వాళ్ళలో ఒకాయనకు చెవుడు, ఒకాయనకు నిద్ర. అందుకని నాయన శాసనసభాపక్ష నాయకుడయ్యాడు. ఆ పదవి పేరు ఆయన పార్టీ కంటే పొడుగు. పార్టీ సమావేశాలు హైదరాబాదులో ఆటోలో జరిగేవి. డ్రైవరు మాట్లాడితే సభ నిండుగా ఉన్నట్టు. ముగ్గురూ కలిసి వాకౌట్ చేస్తే కుర్చీలకు కూడా తెలిసేది కాదట. మా ఇంట్లో మాత్రం ఆ మాట బాగా పట్టుకుంది. కూరలో ఉప్పు తక్కువని ఎవరైనా అంటే అవ్వ కట్టె పక్కన పడేసి, "నేను వాకౌట్ చేస్తాండా పోరా," అని వసారాలోకి వెళ్ళి శనక్కాయలు వలుచుకుంటూ కూర్చునేది. సభలో వాకౌట్‌కు ఎవరూ భయపడకపోయినా మా ఇంట్లో అందరం భయపడేవాళ్ళం. అన్నం ఆమె చేతిలో ఉంది కదా.

అసలు కథ గంట దగ్గర మొదలైంది. సభలో ఏ పార్టీకి ఎంతమంది ఉంటే అంత సమయం ఇస్తారు. ముగ్గురున్న పార్టీకి రెండు నిమిషాలు. సమయం దగ్గర పడితే అధ్యక్షుడు గంట కొడతాడు. మొదటి గంటకు అర్థం, ఇక ముగించు అని. దాన్ని ఎవరూ పట్టించుకోరు. నాలుగైదుసార్లు మోగాక, ఇంకా మూడు తిట్లు తిట్టాక, పెద్ద పార్టీల వాళ్ళు కూర్చుంటారు. నాయన మొదటిసారి మాట్లాడినప్పుడు ఆయన కూడా అలాగే అరనిమిషం ఎక్కువ మాట్లాడాడు. వెంటనే మైకు ఆపేశారు. అటువైపు నుంచి ఎవరో, "సైకిల్ షాపు కాదయ్యా ఇది, బెల్లు కొడితే పక్కకు జరగాలి," అన్నారట. సభంతా నవ్విందట. గంటలు లెక్కచేయకుండా గంటలకొద్దీ మాట్లాడినవాళ్ళే గట్టిగా నవ్వారట.

నాయన ఇంటికి వచ్చి రెండు రోజులు షాపుకు పోలేదు. మూడో రోజు షాపు నుంచి ఒక కొత్త సైకిల్ బెల్లు తెచ్చి నా చేతిలో పెట్టాడు.

"పాపా, రేపట్నుంచి నువ్వే స్పీకరు. నేను మాట్లాడతా. రెండు నిమిషాలు కాగానే కొట్టు. నేను కూచోవాల. కూచోకపోతే తిట్టు. సైకిల్ షాపోనికి మర్యాద తెల్దు అని ఇంగొకసారి ఎవ్వరూ అనగూడదు."

ఆ రోజు నుంచి మా మిద్దె మీద శాసనసభ నడిచింది. పొద్దున్నే కొండ మీద వెలుగు పడే వేళకు నాయన నీలం పెట్టిన ఖద్దరు చొక్కా వేసుకుని పైకి వచ్చేవాడు. నేను నీళ్ళ తొట్టి మీద ఎక్కి కూర్చునేదాన్ని. అవ్వ శనక్కాయల చేటతో అధికార పక్షం. ఆమె చేసినంత గొడవ ఏ అధికార పక్షమూ చేసి ఉండదు.

"అధ్యక్షా, ముందుగా తమకు నమస్కారములు," అని నాయన మొదలుపెట్టేవాడు.

"నమస్కారం రేపు పెట్టుకోరా. అడగాల్సింది ముందడుగు," అని అవ్వ.

"మర్యాదుండాది కదమ్మా. ముందు నమస్కారం, తర్వాత వివరం, ఆఖర్న కోరిక."

"ఆఖరు దాకా నిన్ను ఎవురు ఉండనిస్తారు?"

"అధ్యక్షా, గౌరవ సభ్యురాలు అడ్డం వస్తాండాది!"

నేను గంట కొట్టేదాన్ని. ఆయన టక్కున స్టూలు మీద కూర్చునేవాడు. మొదట్లో మాట పూర్తి చేసి కూర్చునేవాడు. తర్వాత మాట మధ్యలో. పోను పోను గంట వినపడితే చాలు, నోరు ఇంకా తెరిచి ఉండగానే మోకాళ్ళు వంగిపోయేవి. నాకు అది మహా వేడుక. పదిహేడేళ్ళ పిల్ల చేతికి ఎమ్మెల్యేను కూర్చోబెట్టే యంత్రం దొరికితే ఊరుకుంటుందా? హిందూపురం బస్సుకు వేళయితే ఒకటిన్నర నిమిషానికే కొట్టేదాన్ని. పరీక్షలప్పుడు ఒక్క నిమిషానికే. ఒకసారి ఆయన అన్నం తింటూ లేచి మంచినీళ్ళకు పోతుంటే కొట్టాను. మళ్ళీ పీట మీద కూర్చున్నాడు. అవ్వ నవ్వి నవ్వి ఏడ్చింది. నాయన కూడా నవ్వాడు. నాలుగు నెలలు ఇలా గడిచాయి. ఎద్దుకు కూడా అంత బాగా నేర్పరు.

అప్పుడే ధర్మవరం నుంచి నారాయణప్ప వచ్చాడు. పట్టుచీరలు నేసే మనిషి, అప్పటికి నలభై లోపు. ఆయనుండే నేతవాళ్ళ వీధుల పక్క నుంచి ఒక వంక పోతుంది. ఏడాదిలో పది నెలలు దాంట్లో మేకలు తిరుగుతాయి, వాన పడితే మాత్రం తుంగభద్ర తానేనన్నట్టు పొంగుతుంది. మగ్గాలన్నీ గుంటమగ్గాలు. మనిషి గుంట అంచున కూర్చుని కాళ్ళు లోపల పెట్టి తొక్కుతాడు. వంక పొంగితే మొదట నిండేది ఆ గుంటలే. నారాయణప్ప ఒక సంచి విప్పి తడిసిన పట్టు పడుగు చూపించాడు. రంగులన్నీ ఒకదాన్లోకి ఒకటి కారి, ఎవరో ఏడ్చి మొహం తుడుచుకున్న గుడ్డలా ఉంది.

"దస్తగిరన్నా, ఇది నా కూతురు పెండ్లికి నేసుకుంటాండిన చీర. అమ్మేది కాదు. వంకకు ఒక కట్ట ఏపించన్నా. ఇంగేమీ అడగం."

"ఏపిస్తా నారాయణప్పా. సభలోనే అడుగుతా," అన్నాడు నాయన.

సభలో ప్రశ్న వచ్చింది. మంత్రి లేచి ఏమన్నాడో ఆ తర్వాత అచ్చయిన సభ కార్యక్రమాల పుస్తకంలో నేను నా కళ్ళతో చదివాను: "మగ్గం గుంటలోకి నీళ్ళు వస్తున్నాయంటే అది నీళ్ళ తప్పు కాదు అధ్యక్షా. గుంట తవ్వింది ఎవరు? పూడ్చుకుంటే సరిపోతుంది." (నవ్వులు), అని బ్రాకెట్లో వేశారు. నవ్వులను కూడా జాగ్రత్తగా రాసిపెట్టే ప్రభుత్వం మనది. తర్వాత నాయనకు రెండు నిమిషాలు ఇచ్చారు. ఆయన నమస్కారం పెట్టాడు. గుంటమగ్గం అంటే ఏమిటో చెప్పాడు. గుంట పూడిస్తే కాళ్ళు యాడ పెట్టాలి అని అడిగాడు. ఆ మాటకు ఒకరిద్దరు బల్లలు చరిచారట. ఇక చివరికి వచ్చాడు. పుస్తకంలో ఉన్నది ఉన్నట్టు: "అందువల్ల అధ్యక్షా, మేము అడిగేది ఒక్కటే..."

గంట మోగింది. మొదటి గంట. నాయన కూర్చున్నాడు.

ఆ ఒక్కటి ఏమిటో శాసనసభకు ఈనాటి వరకు తెలియదు. నాయన మళ్ళీ లేవబోయేలోగా మంత్రి లేచి, "గౌరవ సభ్యులు నా సమాధానంతో సంతృప్తి చెంది కూర్చున్నందుకు ధన్యవాదాలు," అన్నాడు. అధ్యక్షుడు తర్వాతి అంశానికి పోయాడు. నాయన చెయ్యి ఎత్తాడట. ఎత్తిన చేతిని ఎవరూ చూడలేదు. చెవుడున్నాయనకు వినపడలేదు. నిద్రున్నాయన లేవలేదు.

మర్నాడు హిందూపురం బస్టాండులో పేపరు చూశాను. 'మంత్రి సమాధానంతో సభ్యుడి సంతృప్తి'. సాయంత్రం నాయన ఇల్లు చేరేసరికి అవ్వ గడపలోనే నిలబడి ఉంది.

"ఏమిరా, కూచున్నావంటనే?"

"కూచున్నా అమ్మా."

"ఎవురైనా పట్టి కూచోబెట్టినారా?"

"లేదమ్మా. మోకాళ్ళు కూచున్నాయి. నాకు తెలిసేలోపల కూచున్నాయి."

అవ్వ నా వైపు చూసింది. తిట్టి ఉంటే ఈపాటికి మరిచిపోయి ఉండేదాన్ని.

ధర్మవరంలో ఆ సంతృప్తి అనే మాటకు కాళ్ళు మొలిచాయి. నాయన అమ్ముడుపోయాడన్నారు. మధ్యాహ్నానికి ఆయనకు బెంగుళూరులో ఒక ఇల్లు వచ్చింది. సాయంత్రానికి మూడయ్యాయి. మరుసటి రోజు హిందూపురంలో ఒక సినిమా హాలు, తాడిమర్రి దగ్గర నలభై ఎకరాల చీనీ బత్తాయి తోట వచ్చి చేరాయి. ఇన్ని ఆస్తులున్న మనిషి రెండో తరగతి డబ్బాలో నిలబడి ధర్మవరం పోయి షాపు తెరుచుకుంటుంటే, అది నాటకం అన్నారు. ఆ వానాకాలం వంక మళ్ళీ పొంగింది. గుంటలు నిండాయి. నాయన చెప్పులు చేతిలో పట్టుకుని మోకాలి లోతు నీళ్ళలో ఆ వీధుల్లోకి పోయాడు. ఒక్కొక్క తలుపూ మూసుకుంది. ఆయన ప్రతి తలుపు ముందూ కాసేపు నిలబడి వచ్చాడు.

"నాయనా, నేనొచ్చి చెప్తా. గంట కొట్టి కొట్టి నేర్పింది నేనని చెప్తా," అన్నాను ఒక రోజు.

ఆయన నా మీద జీవితంలో ఒక్కసారి అరిచింది అప్పుడే. "కూచునింది నేను. బిడ్డ మీద పెట్టి తప్పించుకునే మగోణ్ణి అనుకుంటివా? నీ పేరు ఆ వీధుల్లో వినపడగూడదు. చెప్తాండా విను!"

నేను విన్నాను. నిజం చెప్పాలంటే, అంత సుఖంగా నేను ఆయన మాట ఇంకెప్పుడూ వినలేదు. తర్వాతి ఎన్నికల్లో ఆయన ఓడిపోయాడు. ఓడిపోయినవాడి షాపులో గాలి కొట్టించుకోవడానికి కూడా రాలేదు కొందరు. నడిపించుకుంటూ తీసుకుపోయారు సైకిళ్ళను. గాలి లేని సైకిలును షాపు ముందు నుంచే నడిపించుకుంటూ పోవడం అంటే మనిషి మొహం మీద ఉమ్మడమే. పదేళ్ళు అలా గడిపి ఆయన పోయాడు. అవ్వ ఆయన కంటే రెండేళ్ళు ఎక్కువ బతికింది. ఆమె దాన్ని కూడా అన్యాయమనే అంది.

ఇప్పుడు టీవీలో సభ చూస్తుంటాను. గంట మోగుతూనే ఉంటుంది, పట్టించుకునే దిక్కు ఉండదు. కాగితాలు చించి గాల్లోకి విసురుతారు, తొడలు చరుస్తారు, ఒకరి పెళ్ళాం బిడ్డలను ఒకరు నోటికి తెచ్చుకుంటారు, బయటికొచ్చి కాఫీ తాగుతూ నవ్వుకుంటారు. వాళ్ళెవరికీ ఇండ్ల తలుపులు మూసుకోవు. దండలు వేస్తారు, పాలతో కడుగుతారు. మర్యాద అనేది గాలి కొట్టుకునేవాళ్ళకే గానీ కారెక్కినవాళ్ళకు కాదని తెలియడానికి మా నాయన తన బతుకంతా ఖర్చు పెట్టాల్సి వచ్చింది. పైగా, ఆయన్ను ముంచిన మనిషి ఇప్పుడు ఆయన్ను చూసి నేర్చుకోమని పుస్తకం వేస్తున్నాడు. తొక్కి నిలబడిన వీపును మెచ్చుకుంటున్నాడు, ఎంత నున్నగా ఉందోనని.

ఆ కాగితం సంచిలో పెట్టుకుని, కారు వచ్చిన మర్నాడే ధర్మవరం బస్సెక్కాను. నారాయణప్ప ఉన్నాడు. డెబ్బై దాటాయి. వీధిలో చాలా ఇండ్లకు కరెంటు మగ్గాలొచ్చాయి, ఆ చప్పుడుకు చెవులు దిమ్మెక్కాయి. ఈయన మాత్రం ఆ గుంటలోనే కాళ్ళు పెట్టుకుని కూర్చున్నాడు. గుంట గోడ మీద నీటి మరకలు ఒకదాని మీద ఒకటి వరసలుగా ఉన్నాయి.

"నేను దస్తగిరి బిడ్డను, మాబున్నిని," అన్నాను.

ఆయన చెయ్యి ఆగింది. రమ్మనలేదు, పొమ్మనలేదు. నేను గడపలోనే నిలబడి మొత్తం చెప్పాను. మిద్దె, తొట్టి, ఒక్క నిమిషానికే కొట్టిన గంట, వంగిన మోకాళ్ళు, ఎత్తిన చెయ్యి. ఆ ఒక్కటి ఏమిటో కూడా చెప్పాను: మీ వంకకు కట్ట, నారాయణప్పా. నోటి దాకా వచ్చింది.

ఆయన పడుగులో తెగిన పోగు ఒకటి వెతికి ముడి వేశాడు.

"అమ్ముడుపోలేదా, అయితే?"

"లేదు."

"మరి ఇన్నేండ్లు నువ్వు యాడుంటివి?"

"ఈడనే. పెనుకొండలోనే."

"పెనుకొండలోనే ఉండి!" ఆయన గొంతు లేచింది. "అమెరికాలో లేవు, ఆకాశంలో లేవు. బస్సెక్కితే సంగటి వేళకు వస్తావు కదమ్మా! ఆ మాట అప్పుడే వచ్చి చెప్పుంటే ఏమి పోయేది నీకి? మీ నాయన వాననీళ్ళలో ఈ గడప ముందర నిలబడి నారాయణప్పా, నారాయణప్పా అని పిలిచినాడు. లోపల నుంచి గొళ్ళెం పెట్టింది నేను. ఈ చేత్తోనే. సచ్చేదాకా తిట్టినానమ్మా ఆయన్ను. ఆయన పోయినాడని తెలిసినా గూడా మట్టి ఏసేకి పోలేదు. ఇప్పుడొచ్చి చెప్తాండావా?"

"నాయన వద్దన్నాడు," అన్నాను. అంటుంటేనే ఆ మాట ఎంత పలచగా ఉందో నాకే తెలిసింది.

"ఆయన వద్దంటాడు. తండ్రి కదా. నీకి బుద్ధి లేదా?"

పెద్దాయన మీద తెచ్చుకున్న కోపం, ఆ వీధి మీద పెంచుకున్న కోపం, ఇన్నేళ్ళు అందరి మీదా ఖర్చు పెట్టిన కోపం, అంతా నా దగ్గరకే తిరిగొచ్చి నిలబడింది. దాన్ని హాస్యం చేయడానికి నాకు ఒక్క మాట దొరకలేదు.

నారాయణప్ప గుంటలోంచి కాళ్ళు తీసుకున్నాడు. గోడ పట్టుకుని లేచాడు. "రా. ఎదురింటోళ్ళకు చెప్దువు. నాకొక్కనికే చెప్పి పోతే సరిపోదు."

ఆయన చొక్కా వేసుకుని ముందు నడిచాడు. ఆ రోజు పదకొండు ఇండ్లకు పోయాం. ప్రతి ఇంట్లోనూ మగ్గం ఆపించి ఆయన, "దస్తగిరన్న బిడ్డ వచ్చిండాది, వినండి," అనేవాడు. కొందరు కొంగుతో కళ్ళు తుడుచుకున్నారు, కొందరు నన్ను తిట్టారు, ఒకామె నీళ్ళిచ్చి తిట్టింది. మూడిండ్లలో మాత్రం, "దస్తగిరన్న అంటే ఎవరు?" అన్నారు. ఆ మూడిండ్లలోనే నాకు ఎక్కువసేపు పట్టింది. ముందు ఆయన ఎవరో చెప్పాలి కదా.